షోలాపూర్ మీదుగా వచ్చిన మాట

మా ఆయన మెడ మీది గడ్డను మొదట కనిపెట్టింది నేను కాదు, బళ్లో పిల్లలు. బోర్డు మీద లెక్క వేసి వెనక్కి తిరిగినప్పుడు సారు చొక్కాకు పై గుండీ పెట్టుకోవడం మానేశారని ముందు వరసలో కూర్చునే వాళ్లు గమనించారట. ఆ మాట ఆయనే ఇంటికొచ్చి నవ్వుతూ చెప్పారు. నేను దీపం దగ్గరికి రమ్మని చూశాను. కంఠం కింద, ఎడమ పక్కన, నిమ్మకాయంత ఉంది. అప్పటికి ఎన్నాళ్లయిందో ఆయనకే తెలియదు.

పోలీసు చర్య జరిగి నాలుగైదేళ్లయిన రోజులవి. నాంపల్లి స్టేషన్ వెనక గల్లీలో రెండు గదుల కిరాయి ఇంట్లో ఉండేవాళ్లం. ఆయన, నేను, అత్తమ్మ, నాలుగు నెలల పాప. ఆయన దగ్గరలోనే ఒక బళ్లో పంతులు. చదువంతా ఉర్దూలో చదివిన మనిషి. లెక్కలు చెప్పాలంటే జమా, తఫ్రీక్, జరబ్, తక్సీమ్ అని చెప్పడమే వచ్చు. ఇప్పుడు బళ్లన్నీ ఒక్కొక్కటిగా తెలుగులోకి మారుతుంటే కూడిక, తీసివేత అని మళ్లీ మొదటి నుంచి నేర్చుకోవలసి వచ్చింది. నేను మా ఊళ్లో ఒక పెద్దాయన ఇంటి అరుగు మీద ఐదో తరగతి దాకా తెలుగు చదివాను. అందుకని సాయంత్రం పూట ఆయన మరునాటి పాఠం రాసుకుంటే నేను పక్కన కూర్చుని తప్పులు దిద్దేదాన్ని. 'ళ' రాయాల్సిన చోటల్లా 'ల' రాసేవారు. దిద్దితే కోపం ఉండేది కాదు. దిద్దిన పాఠాన్ని పైకి చదివేవారు. ఆ గొంతు రెండిళ్ల అవతలికి వినిపించేది. నలభై మంది పిల్లలున్న గదిలో కర్ర పట్టకుండా పాఠం చెప్పగలిగారంటే ఆ గొంతు వల్లే.

దవాఖానలో డాక్టరు చూసి, గడ్డ లోపలికి పెరుగుతున్నదని, గాలి గొట్టాన్ని నొక్కకముందే తీసేయాలని చెప్పాడు. ఇలాంటివి బాగా చేసే సర్జన్ బొంబాయిలో ఉన్నాడని ఉత్తరం రాసి ఇచ్చాడు. అక్కడి నుంచి రమ్మని జవాబు కూడా వచ్చింది. పోయే ముందు ఆ డాక్టరు ఆయన్ని కూర్చోబెట్టి ఇంకో మాట చెప్పాడట. మాట్లాడే నరం ఆ గడ్డ వెనకాలే పోతుందని, సాధారణంగా ఏమీ కాదని, అయినా చెప్పడం తన ధర్మమని. ఆయన ఇంటికొచ్చి ఇదంతా ఒక్క ముక్కలో చెప్పేసి, పెరుగు ఉందా అని అడిగారు.

మా బావ, అంటే ఆయన అన్న, రైల్వేలో పని చేసేవాడు. తానే తీసుకుపోతానన్నాడు. పాప చంటిది, అత్తమ్మకు మోకాళ్ల నొప్పులు, కాబట్టి నేను ఇంట్లోనే ఉండిపోయాను. ఆపరేషన్ కాగానే తారు, అంటే టెలిగ్రాం, కొట్టాలని అనుకున్నాం.

తారు వచ్చింది. మధ్యాహ్నం పూట సైకిలు మీద తారు మనిషి గల్లీలోకి తిరిగితే చాలు, అన్ని తలుపులూ తెరుచుకునేవి. తారంటే చావు కబురే అని అందరికీ ఒక భయం. అతను మా గుమ్మం ముందు దిగేసరికి అత్తమ్మ గోడ పట్టుకుని నిలబడింది. నేను సంతకం పెట్టాను గాని కాగితం మీద ఉన్నది ఇంగ్లీషు. పక్క వాటాలో ఉండే సాబు దగ్గరికి తీసుకుపోయాను. ఆయన నిజాం కాలంలో దఫ్తరులో ముప్పై ఏళ్లు పని చేసి ఇంట్లో కూర్చున్న ముసలాయన. నన్ను బేటీ అనేవారు. కళ్లజోడు పెట్టుకుని మొదట తనలో తాను చదువుకున్నారు.

"ఆపరేషన్ అయిపోయిందట బేటీ. జాన్‌కు ఖత్రా ఏం లేదు, పానం మంచిగనే ఉన్నది. మిగతాది ఉత్తరంల రాస్తరట."

మధ్యలో ఇంకేదో ఉందని ఆయన మొహం చూస్తేనే తెలిసింది. అడిగాను. ఆయన కాగితం మడిచి నా చేతిలో పెట్టి, మెల్లగా అన్నారు. "కెనాట్ టాక్ అని ఉన్నది. మాట్లాడలేడు అని."

వెనకే వచ్చిన అత్తమ్మ అక్కడే గడప మీద కూర్చుండిపోయింది. సాబు చాలాసేపు మాకు ఆ ఒక్క మాట గురించే చెప్పారు. కెనాట్ అంటే చేతగాదు అని ఒక అర్థం, కూడదు అని ఇంకొక అర్థం తీయొచ్చని, పెద్ద దఫ్తరుల్లో కూడా ఈ మాట దగ్గర తగాదాలు వచ్చేవని. రాసినవాడికి ఏ అర్థం ఉందో మాత్రం తాను చెప్పలేనన్నారు. బావకు ఇంగ్లీషు అంతంతమాత్రం. పోస్టాఫీసులో పక్కనున్న వాళ్లెవరినో అడిగి రాయించి ఉంటాడు.

రెండు రోజులు ఉత్తరం కోసం చూశాను. పాపకు పాలిస్తూ, అన్నం వారుస్తూ, నా మనసు ఒకే చోట తిరిగేది. మాట రాకపోతే బడి ఉండదు. ఆ సంగతి ఎట్లాగో సర్దుకోవచ్చు, ఏ దఫ్తరులోనో రాత పని దొరకొచ్చు. కాని ఇంట్లో అడుగు పెట్టగానే "పాప లేచిందా" అని గుమ్మంలోంచే అడిగే మనిషి, లోపలికొచ్చి పలక మీద రాసి చూపిస్తే నేనెట్లా ఉండగలను? అత్తమ్మతో ఈ మాట అనలేదు. ఆమె కూడా తన మనసులో ఉన్నది నాతో అనలేదు. ఇద్దరం ఉప్పు సరిపోయిందా, నీళ్లు వచ్చాయా అని మాత్రమే మాట్లాడుకున్నాం.

మూడో రోజు సాబు వచ్చి, బొంబాయి ఆసుపత్రి వాళ్లు రాసిన జవాబు ఇంట్లో ఉందా అని అడిగారు. పెట్టెలోంచి తీసి ఇచ్చాను. ఆయన పై భాగం మీద వేలు పెట్టి చూపించారు. అక్కడ అచ్చులో టెలిఫోన్ నంబరు ఉంది. ఫోన్ చేసి అడుగుదాం అన్నారు.

అత్తమ్మకు ఇది అర్థం కాలేదు. "మాట పోయినోనితోని ఫోన్ల ఏం మాట్లాడుతవు బిడ్డా?" అంది.

బావతో మాట్లాడతానని చెప్పాను. ఆమె పాపకు టోపీ పెట్టి ఇచ్చింది.

నేను అంతవరకు ఫోన్ ముట్టుకున్నదాన్ని కాదు. పాపను చంకనేసుకుని, సాబు ముందు నడుస్తుంటే వెనకాలే అబిడ్స్ పెద్ద పోస్టాఫీసుకు పోయాను. సాబు షేర్వానీ వేసుకుని, పైదాకా గుండీలు పెట్టుకుని వచ్చారు. ఏదో పెద్ద అధికారిని కలవడానికి పోతున్నట్టు. ఫారం ఆయనే నింపారు. నంబరు ఇస్తే చాలదని, ఫలానా మనిషి దొరికితేనే కలపమని రాయాలని గుమాస్తా చెప్పాడు. బావ పేరు రాశారు. ఇక బల్ల మీద కూర్చోవడమే. గంట పట్టొచ్చు, మూడు గంటలు పట్టొచ్చు. హాలంతా జిగురు వాసన, లక్క వాసన. గాజు తలుపుల గదిలోంచి ఒకాయన మద్రాసుకు అరుస్తున్నాడు. ఆయన కొడుకు పెళ్లి ముహూర్తం ఎప్పుడో హాల్లో ఉన్నవాళ్లందరికీ తెలిసిపోయింది. నేను గోడ వైపు తిరిగి పాపకు పాలిచ్చాను.

బొంబాయి అని పిలిచేసరికి దిగ్గున లేచాను. పాపను సాబుకిచ్చి గదిలోకి పోయాను. రిసీవర్ తలకిందులుగా పట్టుకుంటే ఆయనే గాజులోంచి సైగ చేసి తిప్పించారు. చెవిలో చేటతో బియ్యం చెరుగుతున్న చప్పుడు. ఆ చప్పుడు వెనకాల, ఎక్కడో అడుగున, ఒక మగ గొంతు ఉన్నట్టుంది. బావదో కాదో కూడా తెలియడం లేదు. నేను హలో అన్నాను, బావా అన్నాను. మళ్లీ చెరుగుతున్న చప్పుడే. ఏమీ వినబడడం లేదని తలుపు తీసి సాబుతో చెప్పాను.

అప్పుడు చెవి పక్కనే ఉన్నట్టు ఒక ఆడపిల్ల గొంతు వినిపించింది.

"అమ్మా, మీరు తెలుగోళ్లా? నేను షోలాపూర్ ఎక్స్‌చేంజి నుంచి మాట్లాడుతున్న. బొంబాయోళ్ల మాట నాకు వినొస్తున్నది, మీ మాట గూడ వినొస్తున్నది. మీరు నాకు చెప్పున్రి, నేను ఆయనకు చెప్త."

షోలాపూర్‌లో మగ్గాల పనికి పోయి స్థిరపడ్డ మనవాళ్లు చాలామంది ఉన్నారని తర్వాత తెలిసింది. అప్పుడు మాత్రం ఆ దూరంలో తెలుగు మాట వినేసరికి ఇంకేదీ ఆలోచించలేదు. ఏం అడగాలని వచ్చానో అదే అడిగాను. ఆయన మాట పోయిందా అని.

ఆ అమ్మాయి హిందీలో కాదు, బావతో కూడా తెలుగులోనే అడిగింది. అవతలి జవాబు నాకు వినబడలేదు. కొంచెం ఆగి తాను చెప్పింది. "పోయిందని గాదటమ్మా. డాక్టరు మాట్లాడొద్దన్నడట. ఎనిమిది దినాలు నోరు తెరవొద్దని చెప్పిన్రట. గంజి తాగుతుండట, పలక మీద రాసి చూపిస్తుండట."

సగం ప్రాణం లేచి వచ్చింది. మిగతా సగం కోసం మళ్లీ అడిగాను. "ఎనిమిది దినాల తర్వాత మాట వస్తదా?"

ఈసారి ఆమె ఎక్కువసేపు తీసుకుంది. "అది డాక్టరుకు గూడ అప్పుడే తెలుస్తదటమ్మా. ఇప్పుడేం చెప్పలేనన్నడట."

తీపి చేసి చెప్పొచ్చు. తప్పకుండా వస్తుందట అనేస్తే నేను నమ్మి ఇంటికి పోయేదాన్ని. ఆమె అట్లా చేయలేదు. ఆ క్షణంలో గుండె జారింది గాని, తర్వాత ఆలోచిస్తే అందుకే ఆ పిల్ల మీద నాకు నమ్మకం కుదిరింది. ఫోనుకు ఇచ్చే మూడు నిమిషాలు అయిపోయాయి. సోమవారం నాడు డాక్టరు మాట్లాడించి చూస్తాడని, ఆ రోజు మళ్లీ ఫోన్ చేయమని బావ చెప్పిన మాట అందించి, పెట్టేసే ముందు తన మాట ఒకటి కలిపింది. "సోమవారం రెండు గొట్టేదాక నేనే ఉంట. ఆలోపల ఫోన్ చెయ్యున్రి."

శనివారం ఉత్తరం వచ్చింది. బావ రాసింది కాదు, ఆయనే తెలుగులో రాశారు. కుట్లు పడ్డాయి, సన్నగా గంజి ఇస్తున్నారు, కిటికీలోంచి సముద్రం కనబడదు గాని వాసన వస్తుంది. 'ళ'లన్నీ సరిగ్గా ఉన్నాయి. గొంతు గురించి ఒక్క అక్షరం లేదు. అత్తమ్మ మూడుసార్లు చదివించుకుంది. మూడుసార్లు విని, "గొంతు ముచ్చట రాయలే" అంది.

సోమవారం ఆమె నేనూ వస్తానంది. మోకాళ్ల నొప్పులని ఏనాడూ గల్లీ దాటని మనిషిని రిక్షాలో కూర్చోబెట్టి తీసుకుపోయాం. పదింటికే ఫారం ఇచ్చాం. లైను పోయిందన్నారు. పదకొండు, పన్నెండు. గుమాస్తా దగ్గరికి సాబు రెండుసార్లు పోయి వచ్చారు. నేను గోడ గడియారాన్నే చూస్తున్నాను. రెండు దాటితే ఆ అమ్మాయి లేచిపోతుంది. ఆమె కుర్చీలో ఇంకెవరో కూర్చుంటారు, తెలుగు రానివాళ్లు. ఒంటి గంట దాటింది. పాప ఏడ్చి ఏడ్చి అత్తమ్మ ఒళ్లో నిద్రపోయింది. ఒంటిగంటన్నర ప్రాంతంలో బొంబాయి అని పిలిచారు.

మళ్లీ అదే చెరుగుతున్న చప్పుడు. ఒక మగాయన ఏదో నంబరు చెప్పాడు. ఇంకెవరో హలో అన్నారు. తర్వాత ఆ గొంతు.

"హైదరాబాద్ అమ్మనేనా? నేను గుర్తుపట్టిన. ఉండున్రి, ఆయన్నే పిలిపిస్తున్నరు."

రిసీవర్‌ను చెవికి గట్టిగా అదిమి పట్టుకున్నాను. నాకు మాత్రం బియ్యం చప్పుడే.

"మాట్లాడుతుండమ్మా."

"ఎవరు?"

"మీ ఆయన. గొంతు బొంగురుగున్నది, మెల్లగున్నది. గని మాటలన్ని తెలుస్తున్నయి."

ఎగిరి గంతేయాల్సిన చోట నాకు ఒక అనుమానం వచ్చింది. మా బావది మెత్తని మనసు. మేమిక్కడ ఏడుస్తున్నామని తెలిస్తే తానే ఫోన్ పట్టుకుని, గొంతు మార్చి తమ్ముడిలాగా మాట్లాడగల మనిషి. ఈ అమ్మాయి మా ఆయన గొంతు ఎన్నడు విన్నది గనక? ఆమె అబద్ధం చెప్పకపోయినా, ఆమెకే అవతలి నుంచి అబద్ధం అందొచ్చు కదా. ఏం అడిగితే తెలుస్తుందా అని ఒక్క క్షణం ఆలోచించి, నన్ను ఇంట్లో ఏమని పిలుస్తారో చెప్పమనండి అన్నాను. అది బావకు తెలియదు. అత్తమ్మ ఎదురుగా కూడా ఆయన ఆ పిలుపు పిలవరు.

ఆమె అడిగింది. కాసేపటికి నవ్వు ఆపుకుంటూ అంది. "'పంతులమ్మ' అంటుండు. 'ళ' రాయనికి రాని పంతులుకు పంతులమ్మ అని చెప్పమంటుండు. గిది నాకు తెలవదు, ఆయన ఎట్లంటే గట్ల చెప్తున్న."

నేను గోడకు ఆనుకున్నాను. ఏడుపు వచ్చిందో నవ్వు వచ్చిందో సరిగ్గా చెప్పలేను. గాజు అవతల సాబు నా మొహం చూసి భయపడ్డారట. అత్తమ్మ తలుపు తోసుకుని లోపలికి వచ్చి నా చేయి లాగింది. రిసీవర్ ఆమె చెవికి పెట్టాను. ఆమెకూ నాకు వినిపించిందే వినిపించి ఉంటుంది. కాని అదేమీ ఆమెకు అడ్డు కాలేదు. "బిడ్డా, నేను" అని హాలంతా వినేట్టు పలికింది. ఆ తర్వాత చాలాసేపు తల ఊపుతూ వింటూ నిలబడింది. షోలాపూర్ అమ్మాయి ఆమెకు ఏం చెప్పిందో నాకు తెలియదు. అడిగితే, "అవ్వా అన్నడట" అని మాత్రం చెప్పింది. తల్లిని ఆయన పిలిచే పిలుపు అదే.

ఆ పిల్ల పేరు అడగాలని నాకు తట్టనే లేదు. రిసీవర్ మళ్లీ నా చేతికి వచ్చాక మాది ఏ ఊరో ఆమె అడిగింది. తమ తాతలది కరీంనగర్ దిక్కు అని చెప్పింది. అంతలో సమయం అయిపోయింది. వెళ్లొస్తానని కూడా చెప్పలేదు. లైను తెగిన తర్వాత ఉత్త రిసీవర్‌తోనే చెప్పాను.

బయటికొచ్చి ఎండలో నిలబడితే అబిడ్స్ చౌరస్తాలో బస్సులు, రిక్షాలు, టాంగాలు అన్నీ మామూలుగా పోతున్నాయి. నాకు మాత్రం వారం తర్వాత అప్పుడే చూపు వచ్చినట్టుంది. సాబు మమ్మల్ని ఒక చెట్టు నీడలో నిలబెట్టి, పక్కనున్న ఇరానీ హోటలుకు పోయి చాయ్ పట్టించుకొచ్చారు. అత్తమ్మ బయట మంచినీళ్లు కూడా ముట్టేది కాదు. నేను వద్దని చెప్పబోతుంటే ఆమె కప్పు అందుకుని, సాసరులో పోసుకుని, ఊది ఊది మొత్తం తాగింది. ఇంకొంచెం చక్కెర పడాల్సింది అంది. సాబు గట్టిగా నవ్వారు. ఆయన నవ్వగా నేను చూడడం అదే మొదలు.

ఇంకో పది రోజులకు వాళ్లు వచ్చారు. బొంబాయి బండి పొద్దున నాంపల్లికి చేరేది. మేము అందరం ప్లాట్‌ఫారం మీదే ఉన్నాం. ఆయన ఎండాకాలంలో మఫ్లరు చుట్టుకుని దిగారు. చిక్కిపోయారు. నన్ను చూసి, పాపను చూసి, ముందు వాళ్లమ్మ దగ్గరికి పోయి "అవ్వా, మంచిగున్నవా" అన్నారు.

ఆ గొంతు నాది కాదు. అంటే, నాకు తెలిసినది కాదు. ఆ పిల్ల చెప్పినట్టే బొంగురుగా, కింది నుంచి, పొడి ఆకుల్లోంచి వచ్చినట్టు ఉంది. ఆమె చెప్పిన మాటల్లో నేను విన్నది నాకు అలవాటైన గొంతునే అని అప్పుడు తెలిసింది. ఒక క్షణం ఎవరో పరాయి మనిషి ఎదురుగా నిలబడ్డట్టు వెనక్కి తగ్గాను. ఆయన అది చూశారు. చూసి మాట ఆపేశారు.

అత్తమ్మ మాత్రం ఆయన మొహాన్ని రెండు చేతులతో పట్టుకుంది. ఇంకోసారి పిలువమంది. ఆయన పిలిచారు. ఆమె కళ్లు మూసుకుని విన్నది.

"మా నాయిన గొంతు గిట్లనే ఉండె," అంది. "అచ్చం గిట్లనే. నువ్వు చూడలే ఆయన్ని. నీకు ఇప్పుడొచ్చింది."

ఆ మాటతో ఆయన మొహం విప్పారింది. బావ పెట్టె భుజాన వేసుకుని ముందు నడిచాడు. స్టేషన్ బయటికి వచ్చేలోపలే ఆయన పాపతో ఏదో చెబుతున్నారు. పాప నోరు తెరుచుకుని ఆ మఫ్లరు వైపే చూస్తోంది. నేను వెనక నడుస్తూ ఆ గొంతును వింటూ వచ్చాను. గల్లీ మలుపు తిరిగేసరికి అందులో ఆయన్ని పోల్చుకున్నాను. మాట చివర కొంచెం సాగదీసే పద్ధతి, నవ్వే ముందు ఆగే పద్ధతి, అన్నీ అక్కడే ఉన్నాయి.

నెల తర్వాత మళ్లీ బడికి పోయారు. పెద్ద తరగతి వద్దని, చిన్న గది అడిగి తీసుకున్నారు. గట్టిగా మాట్లాడితే నొప్పి వచ్చేది, అందుకని గట్టిగా మాట్లాడరు. మొదటి రోజు వెనక వరసలకు వినబడక పిల్లలు ఒకరి వెనక ఒకరు లేచి, బల్లలు వదిలేసి, ఆయన కుర్చీ చుట్టూ నేల మీద కూర్చున్నారట. లేపి పంపించడానికి మనసు రాలేదని, అట్లాగే పాఠం చెప్పానని సాయంత్రం ఇంటికొచ్చి చెప్పారు. ఆ ఏడంతా ఆ తరగతి అట్లాగే నడిచింది.